జీతాల కేసు విత్‌డ్రా చేసుకోమంటున్నారా? ఆలయ ఉద్యోగులు సంతకం పెట్టేముందు చూసుకోవాల్సినవి

"మీ పే స్కేలు ఫైలు పైకి పంపిస్తాం, కాకపోతే ముందు హైకోర్టులో వేసిన ఆ కేసు వెనక్కి తీసుకోండి." జీతాల కోసం రిట్ (అధికారులు చేయాల్సింది చేసేలా ఆదేశించమని హైకోర్టును కోరే పిటిషన్) వేసిన ఆలయ ఉద్యోగుల్లో చాలామందికి ఎప్పుడో ఒకప్పుడు ఈ మాట వినపడుతుంది. అర్చకులు, పరిచారకులు, వేదపారాయణదారులు, నాదస్వరం డోలు వాయించేవాళ్లు, ప్రసాదాల పోటులో, అంటే వంటశాలలో పనిచేసేవాళ్లు, ఎన్‌ఎంఆర్ (రోజు కూలీ హాజరు పట్టీ) మీద ఏళ్ల తరబడి నెట్టుకొస్తున్న అటెండర్లు, స్వీపర్లు, అందరికీ ఇదే మాట. ఏళ్లుగా కోర్టు చుట్టూ తిరిగి విసిగిపోయి ఉంటారు కాబట్టి సరేనని సంతకం పెట్టేస్తారు. ఆ తర్వాత ఫైలు కదలకపోతే చేతిలో ఏమీ ఉండదు, కేసూ ఉండదు.

కేసు వెనక్కి తీసుకోవడం తప్పని నేను అనడం లేదు. అడిగింది వచ్చినప్పుడు, లేదా పిటిషన్‌లోనే లోపం ఉండి సరిచేసి మళ్లీ వేయాల్సి వచ్చినప్పుడు తీసుకోవాల్సిందే. నేను చెప్పేదల్లా ఒక్కటే. నోటిమాట మీద తీసుకోకండి. వాళ్లిచ్చే హామీ ఏదైనా సరే, అది కోర్టు ఆర్డర్‌లోకి ఎక్కాకే మీ కేసు ముగియాలి. అది ఎలా చేయాలో వరసగా రాస్తున్నాను. ఇది ఏపీ, తెలంగాణల్లో దేవాదాయ శాఖ కింద ఉన్న ఆలయాల వాళ్ల కోసం. తిరుమల తిరుపతి దేవస్థానం వ్యవస్థ వేరు, సర్వీసు నిబంధనలు వేరు. కోర్టులో విత్‌డ్రా చేసే పద్ధతి మాత్రం వాళ్లకైనా ఇదే.

ముందు మీ కేసు ఎక్కడుందో తెలుసుకోండి

చాలామందికి కేసు నంబరు కూడా తెలియదు, "సంఘం వాళ్లు వేశారు" అంటారు, అంతే. హైకోర్టు వెబ్‌సైట్‌లో గానీ ఈకోర్ట్స్ యాప్‌లో గానీ రిట్ పిటిషన్ నంబరు, సంవత్సరం కొడితే కేసు స్టేటస్ వస్తుంది. నంబరు తెలియకపోతే పిటిషనర్ పేరుతో వెతకొచ్చు. అక్షరాలూ అంకెలూ కలిపి 16 ఉండే సీఎన్ఆర్ నంబరు కనిపిస్తుంది, దాన్ని రాసిపెట్టుకోండి. 2019 జనవరి 1కి ముందు హైదరాబాద్‌లోని ఉమ్మడి హైకోర్టులో వేసిన ఆంధ్ర వాళ్ల కేసులు విభజన తర్వాత ఏపీ హైకోర్టుకు వెళ్లాయి, కాబట్టి పాత కేసైతే ఏ కోర్టు సైట్‌లో వెతుకుతున్నారో చూసుకోండి.

స్టేటస్ దొరికాక మూడు సంగతులు తేల్చుకోవాలి. మధ్యంతర ఉత్తర్వు ఏమైనా ఉందా, దాని ప్రకారం ఇప్పుడు మీకు డబ్బు వస్తోందా? మీ కేసుతో కలిపి వింటున్న ఇతర కేసులు ఉన్నాయా? ఉత్తర్వు అమలు చేయలేదని కోర్టు ధిక్కార కేసు ఏమైనా వేసి ఉన్నారా? ఈ మూడింటికీ జవాబు తెలియకుండా విత్‌డ్రా గురించి ఎవరితోనూ మాట్లాడకండి, ఎందుకంటే అవతలివాళ్లకు ఇవన్నీ తెలుసు, మీకు తెలియదన్నదీ వాళ్లకు తెలుసు.

ఇంకో సంగతి. సింగిల్ జడ్జి దగ్గర మీరు ఇప్పటికే గెలిచి, ప్రభుత్వమో దేవస్థానమో రిట్ అప్పీల్ వేసి ఉంటే, ఆ దశలో "మీ పిటిషన్ వెనక్కి తీసుకోండి" అని అడిగితే అస్సలు ఒప్పుకోకండి. పిటిషన్ పోతే దాని మీద వచ్చిన తీర్పూ పోతుంది. రాజీ కావాలంటే అప్పీల్ వేసినవాళ్లు తమ అప్పీల్‌ను వెనక్కి తీసుకోవాలి, మీరు కాదు.

హామీ ఏ కాగితం మీద ఉంది?

పేపర్లో వచ్చిన వార్త హామీ కాదు. మంత్రి గారు సభలో అన్నదీ, వాట్సాప్ గ్రూపులో తిరిగే ఫోటో కూడా కాదు. సచివాలయం నుంచి వచ్చిన జీవో (ప్రభుత్వ ఉత్తర్వు), కమిషనర్ ప్రొసీడింగ్స్, ఆలయ ఈఓ (కార్యనిర్వహణాధికారి) ఇచ్చిన ఉత్తర్వు, ఇవి వేటికవే. జీవో ఉంటే దాని కాపీ మీ చేతికి రావాలి, నంబరు చెప్తే చాలదు.

కాపీ వచ్చాక మొదట వెతకాల్సింది తేదీలు. జీతాల ఉత్తర్వుల్లో మామూలుగా రెండు తేదీలు ఉంటాయి. స్కేలు ఫలానా తేదీ నుంచి నోషనల్‌గా వర్తిస్తుంది, నగదు రూపంలో మాత్రం ఫలానా తేదీ నుంచి ఇస్తాం అని. నోషనల్ అంటే లెక్కలో మాత్రమే పెంపు, ఆ మధ్య కాలానికి చేతికి పైసా రాదు. మీరు కోర్టులో అడిగింది 2016 నుంచి ఎరియర్స్ అయి, జీవోలో నగదు ఈ ఏడాది నుంచి అని ఉంటే, కేసు వెనక్కి తీసుకోవడమంటే ఆ మధ్య ఏళ్ల బకాయి వదులుకోవడమే. వదులుకోవాలనుకుంటే అది మీ ఇష్టం, కానీ తెలిసి వదులుకోండి.

ఆ తర్వాత ఎవరెవరికి వర్తిస్తుందో చూడండి. దేవాదాయ చట్టం, అంటే 1987 నాటి 30వ చట్టం, ఆదాయాన్ని బట్టి ఆలయాలను 6ఏ, 6బీ, 6సీ అని విభజించింది. ఉత్తర్వు 6ఏ ఆలయాలకు మాత్రమే అయితే మీరున్నది 6బీ అయినప్పుడు మీకు ఒరిగేదేమీ లేదు. తెలంగాణ ప్రభుత్వం 2017లో ఆలయ ఉద్యోగులకు ప్రభుత్వ ఉద్యోగుల తరహా స్కేళ్లు ప్రకటించినప్పుడు అందరూ సంబరపడ్డారు. ఇలాంటి ప్రకటన ఏది వచ్చినా, సంబరం తర్వాత నడిచేది జాబితా గొడవే. మంజూరైన పోస్టుల్లో ఉన్నవాళ్లా, కన్సాలిడేటెడ్ పే (స్కేలు లేకుండా నెలకు ఒకే మొత్తం) వాళ్లా, అవుట్‌సోర్సింగ్ వాళ్లు కూడానా? అనుబంధంలో మీ పేరు గానీ మీ పోస్టు గానీ కనిపించాలి. "మీరూ వస్తారు లెండి" అంటే చాలదు.

డబ్బు ఎక్కడి నుంచి వస్తుందన్నది కూడా అడగండి. ఆలయ ఆదాయంలో జీతాల ఖర్చు 30 శాతం దాటకూడదన్న పరిమితి ఒకటి ఉంది. హుండీ అంతంతమాత్రంగా ఉన్న గుడిలో స్కేలు ఇస్తామని కాగితం ఇచ్చి, తీరా బిల్లు పెట్టేసరికి పరిమితి దాటుతోందని ఆపేస్తే మళ్లీ మొదటికొస్తుంది. ఆ తేడాను శాఖ నిధి నుంచి భరిస్తారని ఉత్తర్వులో ఉందా లేదా చూసుకోండి.

పిటిషనర్లు అందరూ ఒక మాట మీద ఉన్నారా?

నాకు అన్నిటికంటే బాధ కలిగించేది ఇక్కడ జరిగే అన్యాయమే. ఇరవై మంది కలిసి రిట్ వేస్తారు. కేసు నడుస్తుండగానే కొందరు రిటైర్ అవుతారు, ఒకరిద్దరు చనిపోతారు కూడా. కొత్త జీవో సర్వీసులో ఉన్నవాళ్లకు మేలు చేస్తుంది కాబట్టి వాళ్లు విత్‌డ్రాకి సిద్ధపడతారు. రిటైరైన పంతులు గారికీ, చనిపోయిన డోలు వాద్యకారుడి భార్యకీ మిగిలిన ఏకైక ఆశ ఆ కేసులోని ఎరియర్సే. వాళ్లకు ఫోన్ చేసి చెప్పేవాళ్లు కూడా ఉండరు.

చట్టం అలా చేయనివ్వదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డర్ ఒకటో రూల్ ప్రకారం కలిసి దావా వేసినవాళ్లలో ఒకరు మిగతావాళ్ల సమ్మతి లేకుండా దాన్ని వెనక్కి తీసుకోవడానికి వీల్లేదు. ఆ కోడ్ రిట్‌లకు నేరుగా వర్తించకపోయినా ఇందులోని న్యాయాన్ని హైకోర్టులు పాటిస్తాయి. కాబట్టి కావాల్సినవాళ్లు తమ మటుకు తాము తప్పుకోవచ్చు, ఫలానా నంబరు పిటిషనర్ల వరకే విత్‌డ్రా అని వకీలు కోర్టులో వేసే మెమోలో రాయించాలి, మిగతావాళ్ల కేసు నడుస్తుంది. రిటైరైనవాళ్లను ఒక్కొక్కరినీ కలిసి, ఏం వస్తుందో ఏం పోతుందో వివరించి, రాతపూర్వకంగా ఒప్పుకోలు తీసుకోండి. చనిపోయినవాళ్ల వారసులను కేసులో చేర్చకపోయి ఉంటే, విత్‌డ్రా సంగతి తర్వాత, ముందు ఆ పని చూడండి.

సంఘం పేరు మీద వేసిన కేసైతే అధ్యక్షుడి సంతకం ఒక్కటీ సరిపోతుందనుకోవద్దు. సర్వసభ్య సమావేశం పెట్టి, తీర్మానం రాసి, హాజరైనవాళ్ల సంతకాలతో మినిట్స్ పుస్తకంలో ఎక్కించండి. తీర్మానంలో "కేసు ఉపసంహరణకు ఆమోదం" అని ఒక్క ముక్క రాస్తే కుదరదు. ఏ హామీ మీద, ఏ షరతుతో, ఏ జీవో చూసి ఆమోదిస్తున్నారో అన్నీ ఉండాలి. మీరు సభ్యులై ఉండి ఇలాంటి సమావేశానికి పిలుపే రాకపోతే, వెంటనే సంఘానికీ వకీలు గారికీ రిజిస్టర్డ్ పోస్టులో అభ్యంతరం పంపండి.

కేసు ఏ మాటతో ముగుస్తుంది?

ఆర్డర్‌లో ఉండే ఒక్క వాక్యం మీ రేపటి హక్కును తేలుస్తుంది, అందుకే ఇది నిదానంగా చదవండి. కేసు మూడు నాలుగు రకాలుగా ముగియవచ్చు.

ఒకటి, ఊరికే "డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్". వెనక్కి తీసుకున్నారు కాబట్టి కొట్టేశాం అని అర్థం. ఇలా ముగిస్తే అదే విషయం మీద మళ్లీ హైకోర్టులో రిట్ వేయడానికి దారి మూసుకుపోతుంది. 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు ఈ మాట స్పష్టంగా చెప్పింది. అది బస్సు పర్మిట్ గొడవ, గుడికీ దానికీ సంబంధం లేదు, అయినా దేశంలో ఏ రిట్ విత్‌డ్రా మీద వాదన వచ్చినా అవతలి వకీలు తీసేది ఆ తీర్పునే. సివిల్ కోర్టులో దావా లాంటి వేరే దారులు పూర్తిగా మూసుకుపోవని ఆ తీర్పులోనే ఉంది గానీ, నెలకు పదో పదిహేనో వేలు వచ్చే మనిషి మళ్లీ ఆ దారి పట్టడం మాటలు కాదు.

రెండు, "విత్ లిబర్టీ". అవసరమైతే మళ్లీ పిటిషన్ వేసుకునే స్వేచ్ఛతో విత్‌డ్రాకి అనుమతించాం అని రాయించుకోవడం. పిటిషన్‌లో సాంకేతిక లోపం ఉన్నప్పుడో, ముందు కమిషనర్‌కి అర్జీ పెట్టుకోవాల్సి ఉన్నప్పుడో ఇది సరైన దారి. కోర్టు తప్పక ఇస్తుందని లేదు, కారణం చెప్పాలి. "కోర్టులో అనేశారు లెండి, ఇచ్చినట్టే" అని ఎవరైనా అంటే నమ్మొద్దు. ఆర్డర్‌లో రాసి ఉంటేనే ఉన్నట్టు.

మూడోది, నా దృష్టిలో హామీ మీద ముగిసే కేసులకు ఇదే మేలైనది. విత్‌డ్రా అనే మాటే వాడకుండా, దేవాదాయ శాఖ తరఫు గవర్నమెంట్ ప్లీడర్, ఆలయం తరఫు స్టాండింగ్ కౌన్సెల్ చెప్పిన హామీని ఆర్డర్‌లో నమోదు చేయించి, ఇన్ని వారాల్లో అమలు చేయాలన్న ఆదేశంతో కేసు డిస్పోజ్ చేయించుకోవడం. ఇలా ముగిస్తే రేపు వాళ్లు మాట తప్పినప్పుడు మీరు మళ్లీ మొదటి నుంచి వాదించనక్కర్లేదు, ఏడాది లోపు కోర్టు ధిక్కార కేసు వేయొచ్చు. మాట మీద నిలబడే ఉద్దేశం నిజంగా ఉన్న అధికారికి దీనివల్ల పోయేదేమీ లేదు. "విత్‌డ్రా అయితేనే చేస్తాం, కోర్టులో మాత్రం చెప్పం" అంటున్నారంటే ఆ హామీ విలువ ఎంతో మీరే ఆలోచించుకోండి.

ఇవి కాక, అడిగిందంతా ఇప్పటికే చేతికి వచ్చేస్తే "ఇన్‌ఫ్రక్చుయస్" అని, అంటే ఇక తేల్చాల్సింది లేదని మూసేయించుకోవచ్చు. రెండు పక్షాలూ ఒప్పుకుంటే లోక్ అదాలత్‌లో రాజీ చేసుకునే వీలూ ఉంది. అక్కడిచ్చే అవార్డు డిక్రీతో సమానం, దాని మీద అప్పీల్ ఉండదు, కాబట్టి అంకెలు, తేదీలు అన్నీ అందులోనే రాయించాలి.

కాగితాలు, సంతకాలు

ఏం కావాలో తేల్చుకున్నాక మీ వకీలు గారికి రాతపూర్వకంగా చెప్పండి. కేసు నంబరు, ఏ పిటిషనర్ల తరఫున, ఏ షరతు మీద, లిబర్టీ కావాలా హామీ నమోదు కావాలా అన్నది ఒక పేజీలో తెలుగులోనే రాసి ఇవ్వండి, ఒక కాపీ మీద "ముట్టింది" అని సంతకం చేయించుకోండి. మామూలు విత్‌డ్రా అయితే వకీలు మెమో దాఖలు చేస్తే, లేదా బెంచి ముందు నోటితో చెప్తే అయిపోతుంది. లిబర్టీ కావాలన్నా, హామీ నమోదు కావాలన్నా అఫిడవిట్‌తో పిటిషన్ వేయించడం మంచిది, ఆ జీవో కాపీ కూడా దానికి జతచేయించాలి.

ఈఓ ఆఫీసులో టైపు చేసి ఉంచిన కాగితం మీదో, తెల్ల కాగితం మీదో సంతకం పెట్టకండి. మెమో ఇంగ్లిషులో ఉంటుంది, మీకు రాకపోతే ప్రతి లైనూ తెలుగులో చెప్పించుకోండి. అందులో "ఇకపై ఎలాంటి క్లెయిమ్ చేయము", "బకాయిలు వదులుకుంటున్నాము" లాంటి మాట దూరి ఉంటే కొట్టేయించండి. "సొంత ఇష్టంతో, ఎవరి ఒత్తిడీ లేకుండా" అన్న లైను కూడా తరచూ ఉంటుంది. ఒత్తిడి నిజంగా ఉంటే దాని కింద సంతకం పెట్టాక రేపు ఒత్తిడి ఉందని చెప్పుకోవడం కష్టమవుతుంది.

వకీలు గారు అందుబాటులో లేకపోయినా, ఆయన మీద నమ్మకం పోయినా, ఆయన దగ్గర నో అబ్జెక్షన్ తీసుకుని కొత్తవారికి వకాలత్ ఇవ్వొచ్చు. ఫీజు కట్టలేని పరిస్థితి అయితే హైకోర్టు న్యాయసేవల కమిటీని అడగండి. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. స్వీపర్లుగా, ప్రసాదం ప్యాకింగ్‌లో పనిచేసే ఆడవాళ్లలో చాలామందికి ఇది తెలియదు, దయచేసి చెప్పండి.

ఆ రోజు, ఆ తర్వాత

కేసు లిస్టు అయ్యే ముందురోజు సాయంత్రం కాజ్ లిస్టు (విచారణకు వచ్చే కేసుల జాబితా) చూసుకోండి. మీరు వెళ్లడం తప్పనిసరి కాదు, కానీ వీలైతే ఇద్దరు వెళ్లండి. జడ్జి గారు అవతలి ప్లీడర్‌ని "మీరేమంటారు" అని అడిగినప్పుడు ఆయన ఏం చెప్పారో మీ చెవులతో విని రాసుకోవచ్చు. "ఇన్‌స్ట్రక్షన్స్ తెప్పించుకుంటాం" అని వాయిదా అడిగితే కంగారు పడకండి, హామీ రాతలో రావడానికి ఆ వాయిదా పనికొస్తుంది.

ఆర్డర్ వెబ్‌సైట్‌లో ఎక్కగానే డౌన్‌లోడ్ చేసి చదవండి, సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టించండి. చివర్లో ఒక లైను ఉంటుంది, పెండింగ్‌లో ఉన్న మిసలేనియస్ పిటిషన్లన్నీ (అసలు కేసులో వేసిన అనుబంధ పిటిషన్లు) క్లోజ్ అయినట్టే అని. చూడ్డానికి మామూలు లైనే, కానీ మీ మధ్యంతర ఉత్తర్వు కూడా దాంతోనే పోతుంది. ఆ ఉత్తర్వు మీద పెరిగిన జీతం వస్తుంటే వచ్చే నెల నుంచి ఆగిపోవచ్చు, ఇప్పటిదాకా ఇచ్చింది కూడా తిరిగి కట్టమని నోటీసు రావచ్చు. కింది స్థాయి ఉద్యోగుల నుంచి పొరపాటున ఎక్కువ ఇచ్చిన జీతాన్ని వసూలు చేయడం మీద 2014లో రఫీక్ మసీహ్ కేసులో సుప్రీంకోర్టు ఆంక్షలు పెట్టిన మాట నిజమే, అయితే కోర్టు మధ్యంతర ఉత్తర్వు మీద తీసుకున్న డబ్బుకు అది అంత తేలిగ్గా అక్కరకు రాదు. అందుకే ఇప్పటివరకు చెల్లించింది వసూలు చేయబోమన్న మాట కూడా ఆ హామీలోనే ఉండాలి.

లిబర్టీ అడిగితే ఆర్డర్‌లో రాకపోయినా, హామీ గడువు తప్పుగా పడినా, ఆ వారంలోనే "బీయింగ్ మెన్షన్డ్" కింద కేసును మళ్లీ లిస్టు చేయించి సరిచేయించమని వకీలు గారిని అడగండి. నెలలు గడిస్తే రివ్యూ (ఆర్డర్‌ను మళ్లీ పరిశీలించమనే పిటిషన్) వేయాలి, ఆలస్యానికి కారణం చెప్పాలి, అదంతా వేరే తతంగం.

సర్టిఫైడ్ కాపీ రాగానే ఈఓ గారికి, కమిషనర్ కార్యాలయానికి అర్జీతో పాటు అందజేసి రసీదు తీసుకోండి. ఎరియర్స్ ఎంత రావాలో మీరే నెలవారీగా పట్టిక వేసి జతచేస్తే పని తొందరగా తెములుతుంది. గడువు దాటినా కదలిక లేకపోతే వకీలు నోటీసు, ఆ తర్వాత మీ ఆర్డర్‌ని బట్టి ధిక్కార కేసో కొత్త రిట్టో వేయాలి. కొత్త రిట్ వేయాల్సి వస్తే ఆలస్యం చేయకండి. జీతం తక్కువ ఇవ్వడం ప్రతి నెలా కొత్తగా జరిగే అన్యాయమే అయినా, ఆలస్యంగా వచ్చినవాళ్లకు ఎరియర్స్‌ను సాధారణంగా పిటిషన్ వేసిన తేదీకి ముందు మూడేళ్లకే పరిమితం చేయాలని 2008లో తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మీ పాత కేసు 2015 నాటిదైతే, దాన్ని వదిలేసి ఇప్పుడు కొత్తది వేస్తే ఆ పాత ఏళ్ల లెక్క చాలావరకు పోయినట్టే.

ఇప్పటికే నోటిమాట నమ్మి విత్‌డ్రా చేసేసుకున్నవాళ్లు, లేదా మీకు తెలియకుండానే మీ పేరు మీద విత్‌డ్రా అయిపోయినవాళ్లు ఉంటే, ఆ ఆర్డర్‌ని వెనక్కి తీసుకోమని కోర్టునే అడిగే దారి ఉంది. విత్‌డ్రాని రీకాల్ చేసే అధికారం కోర్టుకు ఉందని 2006లో సుప్రీంకోర్టు ఒక సివిల్ దావాలో చెప్పింది. దానికి ఆధారాలు కావాలి. అప్పట్లో ఇచ్చిన హామీ లేఖ, సమావేశం మినిట్స్, వాట్సాప్ మెసేజ్‌లు, మీరు సంతకం పెట్టలేదని చూపించే కాగితం, ఏదున్నా డిలీట్ కాకుండా ప్రింట్ తీసి, తేదీల వరసలో పెట్టుకుని ఈ వారంలోనే వకీలు గారిని కలవండి.